పదో తేదీ ఉత్తరం, ఇరవయ్యారో తేదీ సంతకం

2023 జూన్ 10, శనివారం, ఉదయం పది గంటల నలభై నిమిషాలు. ఆ నిమిషాన ఒక జైలు ఆఫీసు గదిలో, ఇనుప బీరువా పక్కన వేసిన చెక్క బల్ల ముందు కూర్చుని, నాది కాని ఉత్తరాన్ని మొదటిసారి విప్పి చదివాను. ఇంటికి రాగానే డైరీలో రాసుకున్నాను గనుక నిమిషంతో సహా చెప్పగలుగుతున్నాను.

ఆ జైలు మా తిరువళ్ళూరు జిల్లాలోనే ఉంది. పేరు రాయను. లోపలివారు రాసే ప్రతి ఉత్తరాన్నీ తపాలాలో వేసే ముందు ఎవరో ఒకరు చదవాలన్నది అక్కడి నియమం. అరవంలో రాసినవి సిబ్బంది చదువుతారు. తెలుగులో రాసినవి చదివేవారు లేరు. తిరుత్తణి అవతలి సరిహద్దు పల్లెల వాళ్ళు, నగరి వైపు నుంచి పనికి వచ్చి కేసుల్లో చిక్కుకున్నవాళ్ళు రాసిన ఉత్తరాలు ఒక అట్టపెట్టెలో పడి ఉండేవి. కొత్తగా వచ్చిన సంక్షేమ అధికారిణి ఆ పెట్టెను కనిపెట్టి, తిరుత్తణిలో నేను తెలుగు చెప్పే పాఠశాలకు ఫోను చేశారు. ఆమెది తంజావూరు వైపు. రెండేళ్ళు చిత్తూరులో పనిచేసి, మాట్లాడేటంత తెలుగు నేర్చుకున్నారు.

"సార్, ఈ జిల్లాలో తెలుగు మాట్లాడేవాళ్ళు వీధికి పదిమంది దొరుకుతున్నారు. చదివేవాళ్ళు మాత్రం దొరకడం లేదు. కొంజం వచ్చి చూడండి" అన్నారు.

పెట్టెలో అరవై మూడు ఉత్తరాలున్నాయి. అన్నిటికన్నా పాతది ఏడు నెలల నాటిది. మొదటి రెండు శనివారాల్లో అవన్నీ చదివాను. ఒక గదిలో ఎంతమంది పడుకుంటున్నారో ఎవరూ అంకెల్లో రాయలేదు. "అందరం ఒకే పక్కకు ఒత్తిగిల్లి పడుకుంటాము, ఒకడు తిరిగితే వరసంతా తిరగాల" అని ఒకాయన భార్యకు రాశాడు. గజ్జి మందు పంపమని ఇద్దరు రాశారు. ఒక ముసలాయన, తన చెప్పులు ఎవరో ఎత్తుకుపోయారనీ, దొంగల మధ్య దొంగతనం జరిగితే ఎవరికి చెప్పుకోవాలో తెలియడం లేదనీ రాసి, ఆ మాటకు తానే నవ్వుకున్నట్టు పక్కన ఒక గీత గీశాడు. జైలు మీద ఫిర్యాదులున్న ఉత్తరాలను ఏం చెయ్యమంటారని అధికారిణిని అడిగాను.

"పోనివ్వండి సార్. ఉన్నదే కదా రాసినారు" అన్నారామె.

ప్రతి ఉత్తరానికీ ఒక వరుస సంఖ్య, అరవంలో రెండు పంక్తుల సారాంశం, ఉత్తరం అడుగున "చదివితిని" అన్న మాట, సంతకం, తేదీ. ఈ పద్ధతి నేను పెట్టిందే. రిజిస్టరు గీతలు కూడా స్కేలుతో నేనే గీశాను. శనివారం ఉదయం మణవాళనగర్‌లోని మా ఇంటి నుంచి బయలుదేరి, పదిన్నరకు ఆ గదిలో ఉండి, పన్నెండున్నరకు లేచేవాణ్ణి. మిగతా రోజుల్లో పాఠశాల. అరక్కోణం మీదుగా తిరుత్తణికి రైలు, సాయంత్రం అదే దారిన వెనక్కు.

జూలై 15న ఒక ఉత్తరాన్ని పక్కన పెట్టాను. ముత్యాల్లాంటి అక్షరాలు, కానీ తేదీ లేదు. అంతకుముందు వారం అదే చేతివ్రాతలో వచ్చినదానికీ లేదు. రాసినవాణ్ణి పిలిపించమన్నాను. నా రిజిస్టరులో ఒక గడి ఖాళీగా ఉండటం నాకు కష్టంగా తోచడమే దానికి కారణం.

ముప్ఫై ఏళ్ళ మనిషి వచ్చి గుమ్మం దగ్గర నిలబడ్డాడు. చేతులు కట్టుకున్నాడు.

"తేదీ ఎందుకు వెయ్యవు?" అన్నాను.

"యాడ తెలుస్తాది సార్ ఈడ తేదీ? కోడికూర పెడితే ఆ పొద్దు ఆదివారం అని తెలుస్తాది. మిగతావన్నీ ఒకటే దినం."

గుమ్మం బయట ఉన్న వార్డరు నవ్వాడు. నేను నవ్వలేదు. "తేదీ లేని ఉత్తరం ఎప్పటిదో చదివేవారికి ఎట్లా తెలుస్తుంది? ఆఫీసు గోడకు క్యాలెండరు ఉంది. అడిగి రాయి" అన్నాను.

"అట్నే సార్. అయ్యవారు కదా, మార్కులు తగ్గించబాకండి."

ఆ పూట అతని సంగతి కొంత తెలిసింది. తిరుత్తణికి తొమ్మిది కిలోమీటర్ల దూరంలో ఉన్న పల్లెలో అక్క ఇంట్లో ఉంటాడు. తల్లిదండ్రులు లేరు. నగరి వైపు అయిదో తరగతి దాకా తెలుగులో చదివాడు. మామిడికాయల కాలంలో చిన్న లారీ తోలుతాడు. మే 12న ముగ్గురు మనుషులు బాడుగకు పిలిచి, టార్పాలిన్ కప్పిన సరుకు ఎక్కించారు. దారిలో పోలీసులు ఆపితే ముగ్గురూ చెరకుతోటలో పడి పారిపోయారు. సరుకు పంపుసెట్ల రాగితీగ. లారీలో మిగిలింది ఇతనొక్కడే.

"నువ్వు చూడలేదా?"

"బాడుగ బండోడు టార్పాలిన్ ఎత్తి చూస్తే మళ్ళీ ఎవురు పిలుస్తారు సార్?"

ఇంటికి ఫోను చేసుకొనే వసతి జైల్లో ఉంది కదా అన్నాను. నంబర్లన్నీ పోలీసులు పట్టుకున్న ఫోనులో ఉండిపోయాయని, అక్క నంబరు నోటికి రాదని చెప్పాడు. పక్కవాళ్ళ చేత అరవంలో రాయించవచ్చు కదా అన్నాను.

"అక్క పిల్లోళ్ళు ఇద్దురూ అరవబడి సార్. అరవంలో రాస్తే వాళ్ళే ముందు చదివేస్తారు. మామ మిల్లులో పనికి పోయినాడని వాళ్ళకు చెప్పమని అక్కకు రాసినాను. తెలుగైతే ఇంట్లో అక్కకు ఒక్కదానికే వస్తాది."

ఆ మాట నేను డైరీలో రాసుకున్నాను. ముప్ఫై ఏళ్ళుగా పిల్లలకు తెలుగు చదవడం నేర్పుతున్నవాణ్ణి. పిల్లలు చదవలేరన్న నమ్మకంతో దాన్ని ఒక ఇంట్లో దాపరికానికి వాడుకుంటున్నారని నాకు అప్పుడే తెలిసింది.

ఇంకొకటి కూడా చెప్పాడు. ప్రభుత్వ బస్సు డ్రైవరు పనికి దరఖాస్తు పెట్టి ఉన్నాడు. కేసు కొట్టేస్తే ఆ పని మీద ఆశ ఉంటుంది, శిక్ష పడితే ఉండదు. "జైల్లో ఎన్ని దినాలైనా ఉంటాను సార్. తప్పు చేసినానని కాగితం మాత్రం వద్దు" అన్నాడు.

ఆ తరువాత అతని ప్రతి ఉత్తరం మీదా, కుడివైపు పై మూలన, తేదీ ఉండేది.

ఆగస్టు 10, గురువారం సాయంత్రం మా ఊరి నుంచి కబురు వచ్చింది. మా దాయాది ఒకాయన పోయాడు. నాకు వరసకు అన్న. బావి గట్టు తగాదాలో మా రెండిళ్ళ మధ్య మాటలు పోయి పంతొమ్మిదేళ్ళు. అయినా పదకొండు రోజుల మైల తప్పదు. మైలలో అక్షరం ముట్టకూడదన్నది మా ఇంటి కట్టు. పుస్తకం తియ్యరు, కలం పట్టరు. మా నాయనమ్మ అయితే పిల్లల పలకలు కూడా అటక మీద పెట్టించేది. ఈ కాలంలో మా దాయాదుల్లో సగం మంది మూడో నాడే ఆఫీసులకు పోతున్నారు. నేను పోదలచుకోలేదు. మాటల్లేని మనిషి చావుకు మైల సరిగా పట్టలేదని ఆ ఇంటివాళ్ళు అనకూడదు. అదే నా పట్టుదల. దుఃఖం లేదు.

ప్రధానోపాధ్యాయుడికి ఫోను చేసి, సెలవు చీటీ ఎవరి చేతనైనా రాయించమనీ, సంతకానికి బదులు వేలిముద్ర వేసి పంపుతాననీ అన్నాను.

"వేలిముద్ర మాత్రం వద్దు సార్. తెలుగయ్యవారే వేలిముద్ర వేసినారని తెలిస్తే రేపు పిల్లోళ్ళను ఎట్ల అదిలిస్తారు? వచ్చినాక సంతకం పెడుదురులెండి" అన్నాడాయన.

11వ తేదీ ఉదయం జైలు అధికారిణికి కూడా ఫోను చేశాను. రెండు శనివారాలు రాలేనని చెప్పాను.

"సరి సార్. నిన్ననే మూడు ఉత్తరాలు వచ్చినాయి. అర్జెంటు ఏమైనా ఉంటే? వంటశాలలో ఒకాయనకు తెలుగు చదవడం వస్తుందంట. ఆయనతో చదివించి పంపేయమంటారా?"

"రెండు వారాలే కదమ్మా. నేనే వచ్చి చూస్తాను. ఇంకొకరు చదివితే రిజిస్టరు వరస తప్పుతుంది" అన్నాను.

ఈ మాటను అప్పుడు డైరీలో రాయలేదు. మైల కదా. ఆగస్టు 10 నుంచి 20 దాకా నా డైరీలో పదకొండు పేజీలు తెల్లగా ఉన్నాయి. ఇరవై ఆరేళ్ళ డైరీల్లో అన్ని పేజీలు వరసగా ఖాళీగా ఉన్నది ఆ ఒక్కచోటే. ఆ మాటను మాత్రం నేను ఏ పేజీ అవసరమూ లేకుండా అక్షరం పొల్లుపోకుండా అప్పజెప్పగలను.

20వ తేదీ ఆదివారం కర్మాంతరం అయింది. 21 సోమవారం కలం పట్టాను, పాఠశాలకు వెళ్ళాను. జైలుకు వెళ్ళలేదు. నా రోజు శనివారం.

ఆగస్టు 26, ఉదయం పదిన్నరకు బల్ల మీద అయిదు ఉత్తరాలున్నాయి. వచ్చిన వరసలో చదివాను. మూడవది అతనిది.

"అక్కకు నమస్కారం. నాకు నిన్న బెయిలు వచ్చినాది. ఇద్దురు జామీను కావాల. బావను, ఇంకొకర్ని పట్టా పుస్తకము రేషన్ కార్డు ఎత్తుకోని కోర్టుకు రమ్మను. వాయిదా 22వ తేదీ మంగళవారం. ఆ దినానికి ఎవురూ రాకుంటే తప్పు ఒప్పుకో, ఉన్న దినాలే శిక్ష, ఇంటికి పోవచ్చు అని ఈడ చెప్తా ఉండారు. నేను ఒప్పుకోను. నువ్వు వస్తావని నాకు తెలుసు. పిల్లోళ్ళకు మిల్లులోనే ఉండానని చెప్పు."

కుడివైపు పై మూలన, నేను నేర్పిన చోటనే, 10-8-2023.

అధికారిణి ఎదుటి బల్ల దగ్గర ఏదో రాసుకుంటున్నారు. నేను ఆ ఉత్తరాన్ని అటు తిప్పి చూపించాను. ఆమెకు తెలుగు అక్షరాలు రావు. అంకెలు చదివారు. ఎవరిదని అడిగారు. చెప్పాను.

"అతను బుధవారం విడుదలైపోయినాడు సార్" అన్నారు. తరువాత కలం కింద పెట్టి, "మంగళవారం కోర్టులో తప్పు ఒప్పుకున్నాడు. ఎవరూ రాలేదు. లంచ్ దాకా చూసినారంట" అన్నారు.

మే 12 నుంచి ఆగస్టు 23కు నూట మూడు రోజులు. ఉన్న రోజులే శిక్ష.

అయినా ఆ ఉత్తరం అడుగున "చదివితిని" అని రాసి, సంతకం పెట్టి, 26-8-2023 అని తేదీ వేసి, తిరువళ్ళూరులో నా చేతితోనే తపాలా పెట్టెలో వేశాను. చదివినదాన్ని పంపాలి. అంతకుమించి ఏమీ తోచలేదు.

సెప్టెంబరు 2, శనివారం అతని అక్క వచ్చింది. నలభై దాటిన మనిషి, చేతిలో ప్లాస్టిక్ సంచి. అందులో రెండు పట్టా పుస్తకాలు, రెండు రేషన్ కార్డులు, గ్రామాధికారి వి.ఏ.ఓ. సంతకం పెట్టిన కాగితాలు. ఉత్తరం బుధవారం అందింది. గురువారం కాగితాలు సిద్ధం చేసుకుంది. శుక్రవారం భర్తతో కోర్టుకు వెళితే కేసు ముగిసిందన్నారు. ఒక ఉత్తరం చదివి ఇద్దరు జామీనుదారుల కాగితాలు సిద్ధం చెయ్యడానికి ఆమెకు పట్టింది ఒకటిన్నర రోజు.

ఆమె ఉత్తరాన్ని బల్ల మీద పరిచి, పై మూలన ఒక వేలు, అడుగున ఒక వేలు పెట్టింది.

"అయ్యా, ఈ పది మా వాడు రాసినాడు. ఈ ఇరవై ఆరు మీరు రాసినారంట. మధ్యలో ఇది యాడ ఉండింది?"

"ఈ గదిలోనే" అన్నాను. "మాకు మైల వచ్చిందమ్మా. నేను రాలేదు."

ఆమె వేళ్ళు తీసింది.

"అట్లనా. ఎవురు పోయినారయ్యా?"

"దాయాది."

"బాగా కావలసినోళ్ళా?"

అబద్ధం చెప్పడానికి వీలున్న క్షణం అది. "మాటల్లేవు. పంతొమ్మిదేళ్ళు" అన్నాను.

ఆమె తల ఊపింది. "మాటలు లేకపోతే మాత్రం మైల ఉండదా. మా ఇండ్లలోనూ పదకొండు దినాలే. ఏం జేస్తారు."

ఆమె తిట్టి ఉంటే ఆ తిట్లు ఈపాటికి పాతబడి ఉండేవి. ఆమె నన్ను అర్థం చేసుకుంది. ఆ మాట అన్న గొంతు, ఇప్పటికీ తిరుత్తణి స్టేషన్‌లో రైలు ఆగి శబ్దం తగ్గినప్పుడు, పక్కసీటులోంచి వచ్చినట్టు వినబడుతుంది.

"మీ తమ్ముడు ఇంటికి రాలేదా?" అని అడిగాను.

"వచ్చినాడయ్యా, మా ఊరి బస్‌స్టాపు దాకా" అంది. "నిన్న కోర్టు నుంచి వచ్చి అడిగితేనే టీ అంగడోడు చెప్పినాడు." గురువారం, ఆగస్టు 24, తెల్లవారి మొదటి బస్సులో దిగాడట. టీ అంగడి ముందు బల్ల మీద కూర్చుని టీ తాగాడు. అంగడివాణ్ణి అడిగాడు, అక్క ఇంట్లో అందరూ బాగున్నారా అని. బాగున్నారన్నాడు. ఎవరికైనా జబ్బు చేసిందా, ఆస్పత్రిలో ఉన్నారా అని అడిగాడు. ఎవరికీ ఏమీ లేదన్నాడు. బావ ఊళ్ళోనే ఉన్నాడా అని అడిగాడు. నిన్ననే ఇక్కడ టీ తాగాడన్నాడు. అతను గ్లాసు కింద పెట్టి లేచాడు. ఎదురుగా వచ్చిన బస్సు చెయ్యెత్తి ఆపి ఎక్కాడు. అక్కడి నుంచి ఇల్లు రెండు వందల అడుగులు.

"ఆ అంగడోడు ఒక్క అబద్ధం చెప్పి ఉంటే వాడు ఇంట్లోకి వచ్చుండేవాడు" అంది ఆమె. "నాకు కాలు ఇరిగిందనో, జ్వరమనో. వాడు అడిగిందంతా అదే కదా. వాడికి ఒక కారణం కావాల్సి వచ్చింది."

వెళ్ళేటప్పుడు ఉత్తరాన్ని మడిచి నా వైపు జరిపింది. "ఇది మీ కాడే పెట్టుకోండి. పిల్లోళ్ళు చూస్తే దేని కాగితమని అడగతారు. మామ ఇంకా మిల్లులోనే ఉండాడు వాళ్ళకు."

ఆ రాత్రి జ్వరం వచ్చిందనో, నిద్ర పట్టలేదనో రాస్తే అది అబద్ధం. నిద్ర పట్టింది. సోమవారం పాఠశాలలో సొరుగు లాగి సుద్దముక్క తీసి తేదీ వెయ్యబోతే మాత్రం చెయ్యి ఆగింది. పిల్లలు చూస్తున్నారు. "సార్, నాలుగో తేదీ సార్" అని ఒక అమ్మాయి అందించింది. తేదీ తెలియక ఆగాననుకుంది.

ఆ నెలలోనే జైలు పెద్ద అధికారికి మూడు పేజీల అర్జీ రాశాను. జరిగినదంతా, నేను ఫోనులో అన్న మాటతో సహా, రాశాను. బెయిలు, జబ్బు, చావు, ఈ మూడు సంగతులున్న ఉత్తరం ఏ భాషలో ఉన్నా చదివేవారి కోసం ఆగకూడదనీ, న్యాయ సహాయానికి వచ్చే వాలంటీరు చేత ఆ రోజే ఇంటికి కబురు చేయించాలనీ, బెయిలు వచ్చీ బయటికి పోలేనివారి పేర్లు వారం వారం గోడకు అంటించాలనీ, తెలుగు చదివేవారు ఇద్దరుండాలనీ అడిగాను. అధికారిణి దాన్ని పట్టుకుని నాలుగు నెలలు తిరిగారు. అన్నీ అమలయ్యాయి. శోళవరం నుంచి ఒక రిటైర్డ్ పోస్టుమాస్టరు రెండో చదువరిగా వచ్చారు. లోపలికి వచ్చే ప్రతి ఒక్కరి చేతా మొదటి రోజే ఇద్దరి ఫోను నంబర్లు కాగితం మీద రాయిస్తున్నారు. గదులు మాత్రం పెరగలేదు. ఇప్పటికీ ఉత్తరాల్లో వరసంతా ఒకేసారి తిరుగుతూనే ఉంది.

"మంచి పని అయింది సార్" అన్నారు అధికారిణి, బెయిలు వచ్చినవారి పేర్ల కాగితం మొదటిసారి గోడకు అంటించిన రోజు. నేను అందులో పేర్లు చదువుతూ నిలబడ్డాను. అతని పేరు ఉండవలసిన కాగితం అది. ఉండదని తెలిసీ అడుగుదాకా చదివాను.

2025 ఫిబ్రవరి 6, గురువారం మధ్యాహ్నం మా అమ్మ పోయింది. కర్మ చేసేది మా సొంత అన్న. ఎనిమిదో తేదీ శనివారం. పోస్టుమాస్టరు గారు ఆ వారం కంటి ఆపరేషన్ చేయించుకుని ఆవడిలో కూతురి ఇంట్లో ఉన్నారు. నేను తలకు పోసుకుని, జేబులో కలం పెట్టుకుని బయలుదేరాను. వరండాలో పెద్దమ్మ కూర్చుని ఉంది.

"యాడికిరా?"

"జైలుకు. ఉత్తరాలున్నాయి పెద్దమ్మా."

"దాయాదికి పదకొండు దినాలు పట్టినోడివి. కన్నతల్లికి మూడో దినమే పెన్ను పట్టినావా?"

నేను చెప్పులు వేసుకున్నాను. పెద్దమ్మ గొంతు పెంచలేదు. "పోనీలే. మీ అమ్మకు నువ్వంటే ఎట్లనో, నీకూ ఆమంటే అట్లనే అనుకుంటిని" అని మాత్రం అంది.

ఆ రోజు రెండు ఉత్తరాలున్నాయి. ఒకదానిలో చెప్పులు కావాలని, ఇంకొకదానిలో కూతురి పరీక్ష ఎట్లా రాసిందని. ఏ ఒక్కటీ ఆగితే ఎవరి కొంపా మునిగేది కాదు. చదివితిని, సంతకం, 8-2-2025. ఇంటికి వచ్చి డైరీలో అమ్మ పోయిన గంట రాశాను. పేజీ ఖాళీగా ఉంచలేదు.

తిరుత్తణి దాకా రైలులో వెళ్ళేటప్పుడు గేటు దగ్గర ఆగిన లారీల డ్రైవర్లను చూస్తాను. ఆ ఉత్తరం రాసినవాడి ముఖం నాకు సరిగా జ్ఞాపకం లేదు. గుమ్మం దగ్గర చేతులు కట్టుకుని నిలబడిన తీరు జ్ఞాపకం ఉంది. లారీ నడిపేవాడు చేతులు కట్టుకోడు. అతని అక్కకు నెలకొక ఉత్తరం తెలుగులో రాస్తున్నాను, కబురేమీ లేదని. ఆమె నెలకొకటి రాస్తుంది, తన దగ్గరా లేదని.

ఈ పూట వరకు లెక్క ఇది.

పోయినవి: ఉత్తరం ఆగిన రోజులు పదహారు. అందులో మైలవి పదకొండు, నా శనివారానివి అయిదు. ఒక మనిషికి మచ్చలేని కాగితం. బస్సు డ్రైవరు పని. ఒక అక్కకు తమ్ముడు, ఇద్దరు పిల్లలకు మామ. మా అమ్మకు నేను పట్టవలసిన మైలలో తొమ్మిది రోజులు.

ఉన్నవి: గోడ మీద ఒక కాగితం. రెండో చదువరి ఒకరు. ఆనాటి నుంచి ఒక్క రోజు దాటి ఆగిన బెయిలు ఉత్తరాలు, లేవు. ఆమె రాసినవి ఇరవై ఒకటి, నేను రాసినవి ఇరవై ఒకటి. 2023 డైరీలో పదకొండు తెల్లపేజీలు, వాటి మధ్య మడిచిన ఒక ఉత్తరం, దాని మీద రెండు తేదీలు.